బెజవాడ దినచర్యను చూచు కన్ను ఎవరిది?

చలనచిత్రమనగానే మన జనులకు కథ స్ఫురించును. కథ యనగానే నాయకుడు, ప్రతినాయకుడు, ఆఱు పాటలు, నాలుగు పోరాటములు స్ఫురించును. దీనిని తప్పని యెవ్వరును అనజాలరు. కథ వినవలెనను కోరిక మనుష్యునకు సహజము. అయినను చలనచిత్రము పుట్టినది కథతో కాదు. 1895లో ఫ్రాన్సు దేశమున లూమియేరు సోదరులు తమ కర్మాగారపు వాకిట యంత్రమును నిలిపి, పనివారు బిలబిల వెలుపలికి వచ్చుటను చిత్రించిరి. అంతే. అందు నాయకుడు లేడు. లేదా, వాకిలి దాటిన ప్రతివాడును నాయకుడే. 1896 జూలై 7వ తేదీన బొంబాయి వాట్సను హోటలులో మన దేశము తొలిసారి చూచి నివ్వెఱపోయినదియు ఇట్టి తునుకలనే. మన బందరువాడగు రఘుపతి వెంకయ్యగారు క్రోనోమెగాఫోను అను యంత్రమును తెప్పించి, మద్రాసులోను, సింహళ బర్మా దేశములలోను డేరాలు వేసి చూపినవియు చిన్న చిన్న చిత్రములే. తెలుగు చలనచిత్రమునకు పితామహుడని ఆయన పేర పురస్కారములిచ్చు మనము, ఆయన మొదలుపెట్టిన చిన్న చిత్రమును మాత్రము మఱచితిమి.

ఇతర దేశములవారు మఱువలేదు. నగరమునే వస్తువుగా తీసికొని, ఉదయమునుండి రాత్రివఱకు దాని ఊపిరిని వినుట ఒక కావ్యపద్ధతిగా వారు పెంచిరి. 1921లో న్యూయార్కు నగరముపై స్ట్రాండు, షీలరు అను ఇరువురు కలిసి పది నిమిషముల చిత్రము తీసిరి. 1927లో వాల్టరు రుట్‌మను బెర్లిను నగరముపై పెద్ద చిత్రమును, 1929లో రష్యనుడగు జీగా వెర్తోవు కెమేరా పట్టిన మనుష్యునిపై మఱియొక దానిని తీసిరి. ఇవి పండితులు పొగడునవి. నాకు వీనికంటె ప్రియమైనది అదే 1929లో జోరిసు ఐవెన్సు అను డచ్చివాడు ఆమ్‌స్టర్‌డాము నగరమున తీసిన «వాన». పండ్రెండు నిమిషములకు మించని చిత్రమది. మబ్బు కమ్మును, కాలువ నీటిపై మొదటి చినుకు పడును, గొడుగులు విచ్చుకొనును, ట్రాముబండి అద్దముపై నీటి చారలు జాఱును, వాన వెలియును. కథ ముగిసినది! ఈ యొక్క వానకై ఆతడు పలు మాసములపాటు వానవచ్చినప్పుడెల్ల కెమేరా చంకబెట్టుకొని వీథులు తిరిగెను. ఎన్నో వానలు చేరి ఒక వాన అయినది. మన కవులు ఒక వర్షర్తు వర్ణనకై ఎన్ని వానకాలములను మనసున దాచుకొందురో, ఇదియు అట్టిదే.

1947లో ఆర్నె సుక్‌స్‌డార్ఫు అను స్వీడనువాడు స్టాక్‌హోము నగరముపై «నగరమున మనుష్యులు» అను లఘుచిత్రమును తీసెను. నీటిపై పక్షులు, వీథులలో పిల్లలు, పనికి పోవువారు, ఎండ, వాన ఇవియే అందలి సామగ్రి. సంభాషణముల బలము దానికి లేదు. అట్టి చిత్రమునకు 1949లో అమెరికావారి అకాడమీ పురస్కారము లభించినది. స్వీడను చిత్రమునకు ఆ గౌరవము దక్కుట అదియే ప్రథమము. గుఱ్ఱపు రౌతులును, రాజప్రాసాదములును తేలేని కీర్తిని రోడ్డు దాటుచున్న సామాన్యులు ఆ దేశమునకు తెచ్చిరి.

ఆ సుక్‌స్‌డార్ఫే తరువాత మన దేశమునకు వచ్చెను. మన తెలుగు సీమకు ఆనుకొనియున్న బస్తరు అడవులలో మురియా జనుల నడుమ కొంతకాలముండి, చెండ్రు అను బాలుని, ఆతని పులిపిల్లను చిత్రించెను. 1957లో వెలువడిన ఆ చిత్రమునకు రవిశంకరుగారు సంగీతము కూర్చిరి. చెండ్రు స్వీడను దేశమునకు పోయి, అక్కడి జనుల మన్ననలంది, తిరిగి తన పల్లెకు వచ్చెను. పిమ్మట ఏమయ్యెను? లోకము మఱచినది. 2013లో ఆతడు పేదవాడుగనే కన్నుమూసెను. చిత్రము గొప్పదే, దృష్టి ప్రేమతో కూడినదే. అయినను చూచినవానికి దక్కినది వేఱు, చూడబడినవానికి దక్కినది వేఱు. సామాన్యుని జీవితము చిత్రించెదమని బయలుదేఱు ప్రతివాడును మొదట ఈ లెక్క తేల్చుకొనవలయును. నేనీ వ్యాసమున చెప్పదలచిన విషయమునకు మూలము ఇచ్చటనే యున్నది.

మన దేశీయులు ఇట్టి పనికి పూనుకొనలేదా? పూనుకొనిరి; అట్లు పూనుకొనుటచే సుప్రీంకోర్టు మెట్లు ఎక్కవలసి వచ్చినది. 1968లో ఖ్వాజా అహ్మదు అబ్బాసుగారు «చార్ షహర్ ఏక్ కహానీ» అను చిత్రమును తీసిరి. కలకత్తా, బొంబాయి, మద్రాసు, ఢిల్లీ అను నాలుగు నగరముల దినచర్య అందలి వస్తువు. నాటి మద్రాసు వీథులలో తెలుగు మాట ఎంతగా వినబడెడిదో చెప్పనక్కఱలేదు గనుక, ఆ నాలుగింట ఒకటి మనదియునని నేననుకొందును. నలుపు తెలుపుల చిత్రము. కూలీలు పనిచేయుచు పాడుకొను పాట యొకటి, నేపథ్య ధ్వనులు కొన్ని తప్ప అందు మాటలు లేవు. మేడలు, వాని ప్రక్క గుడిసెలు. మోటారుకార్లు, వాని ప్రక్క లాగుడు బండ్లు. ఒక దృశ్యమున బలిసిన ఆసామి రిక్షాలో కూర్చుండగా బక్కచిక్కినవాడు చెమటలు కార్చుచు లాగుచుండును. మఱొక దృశ్యమున ఆ లాగినవాడే రిక్షాలో కూర్చుండును, ఆసామి లాగుచుండును. స్వాతంత్ర్యోద్యమ నాయకుల శిలావిగ్రహములు ఎత్తైన పీఠములపైనుండి ఈ వీథులను చూచుచుండును. ఈ వివరములన్నియు సినిమా పత్రికలలోనివి కావు, న్యాయస్థానపు తీర్పులోనివి. ఒక లఘుచిత్రమును ఇంత శ్రద్ధగా వర్ణించిన విమర్శకులు మనకు తక్కువ. ఈ విషయమున న్యాయమూర్తి హిదయతుల్లాగారు పలువురు విమర్శకులను మించినారు.

వివాదము బొంబాయి వేశ్యావాటికను చూపు కొద్దిపాటి దృశ్యములపై పుట్టినది. అవి తీసివేసినగాని అందఱును చూడదగిన చిత్రమని సర్టిఫికెట్టు ఇయ్యమని ప్రభుత్వమువారనిరి. అబ్బాసుగారు నేరుగా సుప్రీంకోర్టున దావా వేసిరి. విచారణ నడుచుచుండగనే ప్రభుత్వపు సొలిసిటరు జనరలు, కోతలు లేకుండనే సర్టిఫికెట్టు ఇచ్చెదమని చెప్పెను. అచ్చటితో సామాన్యుడు ఇంటికి పోవును. అబ్బాసుగారు పోలేదు. చిత్రము ప్రజలకు చేరకముందే దానిని పరీక్షించు అధికారమే రాజ్యాంగ విరుద్ధమని వాదము పెంచిరి. 1970 సెప్టెంబరు 24వ తేదీన తీర్పు వచ్చినది. ముందుగా సెన్సారు చేయు అధికారము చెల్లునని న్యాయస్థానము నిలిపినది. అదే తీర్పున, అత్యంత బలహీన మనస్కుని, అత్యంత పతితుని కొలబద్దగా పెట్టుకొని ఆరోగ్యవంతులు చూడదగినదానిని నిర్ణయింపరాదని కూడ చెప్పినది. వృత్తిధర్మమున ఆ తీర్పును పలుమాఱులు చదివిన వాడను. మొదటి సగమున నాకు అసంతృప్తి, రెండవ సగమున గౌరవము కలిగినవి. సెన్సారు నిర్ణయముపై అప్పీలు వినుటకు స్వతంత్రమగు ట్రిబ్యునలు ఉండవలెనను సంగతియు ఆ దావాలో చర్చకు వచ్చినది. అట్టి ట్రిబ్యునలు 1983లో ఏర్పడినది, 2021లో రద్దయినది. ఇప్పుడు పదునాఱు నిమిషముల చిత్రము తీసిన పిల్లవాడు తన గోడు చెప్పుకొనుటకు హైకోర్టుకు పోవలయును. మా వృత్తివారికి లాభమే. ఆ పిల్లవానికి మాత్రము చిత్రము తీసిన ఖర్చుకంటె కోర్టు ఖర్చే ఎక్కువగును.

తీసిన చిత్రము ఎచ్చట చూపవలెనన్నది మఱొక చిక్కు. ఒకప్పుడు దీనికొక దారి యుండెను. 1948లో ఫిలిమ్స్ డివిజను ఏర్పడిన పిమ్మట, ప్రతి సినిమాహాలులోను పెద్ద చిత్రమునకు ముందు ప్రభుత్వపు వార్తాచిత్రమునో లఘుచిత్రమునో చూపుట విధి. తెర లేచిన వెంటనే గంభీరస్వరమున ఆనకట్టలను గూర్చి చెప్పుచుండగా జనులు బజ్జీలకై వెలుపలికి పోయెడివారని పెద్దలు చెప్పుచుందురు. అది నిజమే కావచ్చును. కాని ఆ సంస్థలోనే సుఖదేవు, శాస్త్రి, ప్రమోదుపతి వంటి దిట్టలు పనిచేసిరి. మణి కౌలుగారు 1980 ప్రాంతమున బొంబాయికి సరకులు, జీవములు, కూలీలు వచ్చి చేరుటను «ఆగమనము» అను అర్థమిచ్చు పేరుతో చిత్రించినదియు అచ్చటనే. ఈ విధి తమ వాక్‌స్వాతంత్ర్యమునకు భంగమని హాలు యజమానులు వాదింపగా, 1999లో సుప్రీంకోర్టు ఆ వాదమును త్రోసివేసినది. చట్టము నిలిచినది, ఆచారము మాత్రము సడలినది. 2020 డిసెంబరులో కేంద్ర మంత్రివర్గము ఆ సంస్థను చలనచిత్రాభివృద్ధి సంస్థలో కలుపుటకు నిశ్చయించినది. నేడు మన హాలులో పెద్ద చిత్రమునకు ముందు చూచునది బంగారు దుకాణముల ప్రకటనలు, పొగాకు హెచ్చరికలు.

ఇక బెజవాడ మాటకు వచ్చెదను. మా ఉంగుటూరువంటి పల్లెలకు నగరమనగా బెజవాడయే. ఉత్తరమున నూజివీటి మెట్టల మామిడితోటలు, దక్షిణమున డెల్టా వరిచేలు. రెండింటి పంటయు, రెండింటి మనుష్యులును చేరునది అచ్చటికే. ఆ నగరమును మనమెప్పుడు తెరపై చూచుచున్నాము? పుష్కరములలో, రాజకీయ సభలలో, వరదలలో. 2024 సెప్టెంబరు తొలి దినములలో బుడమేరు పొంగి సింగునగరు మునిగినది. ప్రకాశము బారేజివద్ద 11.43 లక్షల క్యూసెక్కుల నీరు పాఱినది. అప్పుడు డ్రోనులు ఎగిరినవి. అన్నపు పొట్లములను మోసినవియు అవియే, చిత్రములను మోసినవియు అవియే. మేడల కప్పులపై చేతులు చాచిన జనులను లోకమంతయు చూచినది. నీరు తీసినది, కెమేరా వెడలినది. తడిసిన పఱుపులను వీథిలో ఆరవేసినవారు, బురద ఎత్తివేసినవారు, పిల్లల పుస్తకములను ఎండలో పేజి పేజిగా విడదీసినవారు ఎవ్వరికిని కావలసిరాలేదు. పదిలక్షల జనము గల నగరము తన ప్రజలను మునిగినప్పుడు మాత్రమే చూచుకొనుట నాకు సిగ్గుగా తోచుచున్నది. ఆకాశమునుండి చూచినప్పుడు మనుష్యుడు గుంపులో చుక్క. నేలపై నిలిచి చూచినగాని వానికి ముఖము రాదు.

ఇప్పుడు ప్రతి చేతిలోను సెల్‌ఫోనున్నది, అందు కెమేరా యున్నది, ఇక లోటేమని యువకులడుగుదురు. నిజమే, పూర్వము ఐవెన్సునకు లేని సౌకర్యము నేడు పదవతరగతి బాలునకు గలదు. కాని ఆ కెమేరా సాధారణముగ తన యజమానివైపే తిరిగియుండును. ముప్పది క్షణములలో ఎదుటివాని మెప్పు సంపాదింపవలెనను తొందర దానిది. ఒక వానకై మాసములు తిరుగు ఓర్పు దానికి లేదు. యంత్రము చేతికి వచ్చినది గాని నిలిచి చూచు అలవాటు రాలేదు.

మఱియొక యాక్షేపము బలమైనది. పేదవాని ముఖము ఎవరి సొత్తు? రోడ్డుపై నడచినంతమాత్రమున వానిని ఎవరైనను చిత్రింపవచ్చునా? 2017 ఆగస్టులో తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనము ఆంతరంగికతను ప్రాథమిక హక్కుగా ప్రకటించినది. ఆ హక్కు గోడలున్న యింటివానికి మాత్రమే కాదు, గోడలు లేనివానికిని గలదు. కొండపై గుడిసెలలో కాపురముండి, వీథికుళాయివద్ద స్నానము చేయవలసిన స్త్రీకి ఆ హక్కు మఱింత ముఖ్యము. కావున నగరచిత్రము తీయువాడు అడిగి తీయవలయును. అడుగుటకు వీలులేని గుంపులో తీసినప్పుడు, అవమానకరమగు దానిని తానే విడువవలయును. ప్రభుత్వపు సెన్సారును నిరసించు నేను ఈ సెన్సారును మాత్రము కోరుచున్నాను. ఇది తీయువాని మర్యాదకు సంబంధించినది, ఆఫీసుకు సంబంధించినది కాదు.

బెజవాడ చిత్రము బెజవాడలో మొదలుకాగూడదని నా యభిప్రాయము. వేసవిలో, ఇంకను చీకటి వీడని వేళ, నూజివీటి వైపు మామిడితోటలో మొదలుకావలయును. దోటి చివర కట్టిన చిక్కములోనికి కాయ జాఱు చప్పుడు మొదటి ధ్వని కావలయును. తొడిమ త్రుంచగనే చిమ్ము సొనకు చేతులు పొక్కిన కోతకూలీలు, బంగినపల్లి, కలెక్టరు, రసములను వేఱువేఱుగా పోయు ఆడవారు, ట్రేలను పేర్చుకొన్న బండి. బండి నున్న మార్కెట్టు చేరును. అచ్చట కాటా, కమీషను వ్యాపారి, తరుగు పేర కోత. రైతు ముఖమును ఆ తరుగు చెప్పు క్షణమున చూపినచాలు, వ్యాఖ్యాత నోరు తెఱువనక్కఱలేదు. అక్కడినుండి ఒక లారీ ఢిల్లీ దారిని పోవును; ఒక తోపుడుబండి మాత్రము నగరములోనికి వచ్చును. ఆ బండి వెంట కెమేరా నడచినచో నగరమంతయు తనంతట విప్పుకొనును.

ఏలూరు కాలువ, బందరు కాలువ, రైవసు కాలువ. మూడు కాలువల నగరము మనది. ఆమ్‌స్టర్‌డామునకు తీసిపోదని గర్వముగ చెప్పబోయి, ఆ నీటి రంగు చూచి ఊరకుండవలసి వచ్చును. ఆ రంగును కూడ చూపవలయును. స్వాతంత్ర్య సమరయోధుని పేర వెలసిన కాళేశ్వరరావు మార్కెట్టులో తెల్లవాఱుజామున ముఠా కూలీలు బస్తాలు దింపుచుందురు. బస్తా వీపునకెక్కు ఒక్క క్షణమున మోకాలు వంగి, తిరిగి నిలుచుట ఒక నాట్యమువలె నుండును. అయితే నాట్యమని మఱీ మురిసిపోయినచో ఆ మోకాలి నొప్పి తెరపైకి రాదు. ఆటోనగరులో లారీకి కొత్త చెక్క బిగించు సుత్తి చప్పుడు, రైల్వే జంక్షనులో రాత్రంతయు తెగని ప్రకటనలు, వన్‌టౌన్ కొండ మెట్లపై నీళ్లబిందెతో ఎక్కు గృహిణి మెట్టు మెట్టునకు ఆగి తీసికొను ఊపిరి. బిసెంటు రోడ్డున పగలంతయు నిలిచి బట్టలమ్ము బాలిక రాత్రి దుకాణము కట్టిన పిమ్మట ఎచ్చట కూర్చుండునో చూడవలయును. సాయంకాలము బారేజిపై గాలికై నిలిచినవారు. అర్ధరాత్రి ఇడ్లీబండివద్ద తెల్లవారి పనివారును, రాత్రి పనివారును ఒకే బల్లపై తినుట. ఇవన్నియు మనము దినదినము చూచునవే గదా యందురు. చూచుచున్నామా? వీనిని దాటిపోవుచున్నాము.

ఇందుకు కోట్లు అక్కఱలేదు. మన పెద్ద చిత్రములలో ఒక పాటకగు ఖర్చులో స్వల్పభాగము చాలును. రైల్వేవారి, బారేజి అధికారుల అనుమతులకై తిరుగువారు కావలయును. ఆ పనికి మావంటి వకీళ్లు పనికివత్తురు, ఫీజు లేకుండగనే. ప్రభుత్వమువారు చేయదగినదొకటి గలదు: పావుగంటకు లోబడిన ఇట్టి చిత్రములకు అనుమతులన్నియు ఒకేచోట, నిర్ణీత గడువులో, రుసుము లేకుండ ఇచ్చుట. ఇది వరమడుగుట కాదు. వీథి ప్రజలది, దానిని చూచుటకు ప్రజలు పది ఆఫీసులు తిరుగ నేల?

చూపుటకు హాళ్లు ఇయ్యకపోయినను బాధలేదు. 1914లో గ్రంథాలయోద్యమము బెజవాడ రామమోహన గ్రంథాలయమున సభ జరుపుకొని పల్లెలకు వ్యాపించినది. 1935లో పాతూరి నాగభూషణముగారు పడవపై పుస్తకములుంచి కృష్ణ కాలువవెంట ఊరూర తిప్పిరి. పుస్తకము పడవనెక్కి పోయిన సీమలో పదునైదు నిమిషముల చిత్రము గోడపై వేసిన దుప్పటిమీదికి రాలేదా? సర్టిఫికెట్టు మాత్రము ముందుగా తీసికొనవలయును. ఉచిత ప్రదర్శనమైనను బహిరంగమే యగునని మా కార్యకర్తలకు చెప్పుచునే యున్నాను.

ఆ చిత్రము తయారైననాడు మొదటి ప్రదర్శనము ఢిల్లీలో వలదు, పారిసులో వలదు. అందు కనబడినవారికి మొదట చూపవలయును. నున్న మార్కెట్టు షెడ్డులో కాటా ప్రక్కన తెర కట్టవలయును. రెండవది కాళేశ్వరరావు మార్కెట్టున ముఠా కూలీలకు. మూడవది కొండ మెట్ల మీద. పిమ్మట రామమోహన గ్రంథాలయమున. తన ముఖము నచ్చనివాడు లేచి చెప్పినచో ఆ ముక్కను అచ్చటనే తీసివేయవలయును. మా ఉంగుటూరున చూపునాడు రాత్రి ఎనిమిది గంటలకే మొదలుపెట్టుడు. తెల్లవాఱకముందే తోటలకు పోవలసినవారు వచ్చి కూర్చుందురు.